పాత సీరియల్ అని రాసిన కేసెట్

ట్రే పట్టుకుని నడవడం నాకు నేర్పింది ఒక సినిమా నటి. మా రాజంపేట పక్క పల్లెలో ఉన్నన్నాళ్ళూ నా పెళ్ళిచూపుల నాడు తప్ప నేను ట్రే ముట్టుకున్న పాపాన పోలేదు. కువైట్ వెళ్ళి మిష్రిఫ్‌లోని ఆ ఇంట్లో చేరిన మూడో రోజున నేను కాఫీ తీసుకెళ్తుంటే ఆవిడ ఆపింది. కప్పుల వంక చూస్తూ నడిస్తే కప్పులు తొణుకుతాయని, ఎదురుగోడని చూస్తూ నడవమని చెప్పింది. నేను నమ్మలేదు. అప్పుడు ట్రే నా చేతిలోంచి లాక్కుంది. అరవై దాటిన మనిషి, మోకాళ్ళ నొప్పులు. అయినా నిండు కప్పులతో హాలు ఈ కొస నుంచి ఆ కొసకి నడిచి, ఎవరూ లేని కుర్చీ ముందు కాస్త వంగి, ఫ్రెంచిలో ఏదో ఒక ముక్క చెప్పి తిరిగొచ్చింది. ఒక్క చుక్క ఒలకలేదు. "ఇదే పని ఆరు సినిమాల్లో చేశాను" అంది.

ఆవిడ ఫ్రాన్సు దేశపు మనిషి. ముప్ఫై ఏళ్ళ కిందట ఒక కువైటీ వ్యాపారిని చేసుకుని, మతం మార్చుకుని, ఇక్కడే ఉండిపోయింది. ఆయనకది రెండో పెళ్ళి. మొదటి భార్య ఒక కొడుకుని కని చనిపోయిందట. నేను చేరేనాటికి ఆయన కూడా పోయి రెండేళ్ళయింది. ఈవిడకి పిల్లల్లేరు. సవతి కొడుకు అదే ప్రహరీలో పక్క విల్లాలో భార్యాపిల్లలతో ఉండేవాడు. నా కఫీల్ అతనే, అంటే నా ఇఖామా, అక్కడ ఉండనిచ్చే కాగితం, అతని పేరు మీదే ఉండేది. నేను ఆ దేశంలో ఉండాలన్నా, మూట కట్టుకుని పోవాలన్నా అతని సంతకమే. అన్ని ఇళ్ళలో పనిమనుషుల్లాగే నేనూ అతన్ని బాబా అనేదాన్ని. ఆవిడని మామా అని పిలిస్తే మాత్రం ఒప్పుకోలేదు. తను ఎవరికీ అమ్మ కాదని, మదాం అనమని చెప్పింది. మా ఇద్దరిదీ అరువు తెచ్చుకున్న అరబ్బీయే. ఆవిడది గొంతులో నలిగేది, నాది సగం చేతులతో నడిచేది. అయినా మా మాటలకి అడ్డు లేకుండా జరిగిపోయేది.

మధ్యాహ్నం భోజనాలయ్యాక ఎండకి భయపడి ఊరంతా పడుకుంటుంది. అప్పుడు మదాం గది గడియ పెట్టి, బీరువాలో దుప్పట్ల వెనక నుంచి వీడియో కేసెట్లు తీసేది. మొత్తం తొమ్మిది. నేను కింద కూర్చుని ఆవిడ మోకాళ్ళకి నూనె రాస్తుంటే ఇద్దరం చూసేవాళ్ళం. సినిమా నటి అంటే నేను మన హీరోయిన్లని ఊహించుకున్నాను. మొదటి కేసెట్ గంటసేపు చూసినా ఈవిడ జాడ లేదు. కునుకు పడుతుండగా నా భుజం మీద గిల్లి "ఇదిగో" అంది. తెల్ల ఏప్రన్ కట్టుకున్న సన్నటి పిల్ల ట్రేతో వచ్చింది, పెట్టింది, వెళ్ళిపోయింది.

"అంతేనా?" అన్నాను.

"అంతే" అని, వెనక్కి తిప్పి మళ్ళీ చూపించింది.

ఆరింటిలో పనిమనిషి. ఒకదాంట్లో టెలిఫోన్ ఆపరేటరు, వీపు ఒక్కటే కనపడుతుంది. ఇంకోదాంట్లో శవం. మొదటి ఐదు నిమిషాల్లోనే హత్య అయిపోయి సోఫా మీద పడి ఉంటుంది, పోలీసులు చుట్టూ తిరుగుతారు. ఊపిరి బిగపట్టడం కష్టం కాదని, ముక్కు మీద ఈగ వాలినప్పుడు కదలకుండా ఉండటమే కష్టమని చెప్పి, తనలో తను నవ్వుకునేది. పడవలకి రంగులేసే వాళ్ళింట్లో, ఒక చిన్న రేవు పట్నంలో పుట్టిందట. పంతొమ్మిదేళ్ళకి పారిస్ వెళ్ళి టోపీల కొట్లో చేరింది. కొట్టుకి వచ్చిన ఎవరో పిలిస్తే సినిమాలోకి వెళ్ళింది. పన్నెండేళ్ళలో పద్నాలుగు సినిమాలు. పేరు చివర్లో చీమలంత అక్షరాల్లో పడేది. అక్కడ కేసెట్ ఆపి, తెర మీద వేలు పెట్టి నాకు చూపించేది. నాకు ఆ అక్షరాలు రావు. ఆ వేలునే చూసేదాన్ని.

"నువ్వు అసలు పనిమనిషివి. నా పని ఎలా ఉందో చెప్పు" అని ఒకరోజు అడిగింది. నాకు నోరు ఊరుకోదు. పనిమనిషి అంత నింపాదిగా తలుపు వెయ్యదని, రెండు చేతుల్లోనూ సామాను ఉంటుంది కాబట్టి మడమతో నెడుతుందని చెప్పాను. ఆ రోజంతా నాతో మాట్లాడలేదు. మర్నాడు పొద్దున వంటింట్లోకి వచ్చి, ఆ మాట ఎవరూ తనకి నలభై ఏళ్ళ కిందట చెప్పలేదే అని వాపోయింది.

తొమ్మిదో కేసెట్ సంగతి వేరు. అందులో ఆవిడే హీరోయిన్. పద్నాలుగింటిలో అదొక్కటే. సముద్రం ఒడ్డున బట్టలుతికి బతికే మనిషి కథ. డబ్బుల్లేని ఒక కుర్ర దర్శకుడు చలికాలంలో తీశాడట. పారిస్‌లో రెండు హాళ్ళలో ఒక్క వారం ఆడింది, అంతే. తీసిన కంపెనీ మూతపడింది, దర్శకుడు పోయాడు. రీళ్ళు ఎక్కడున్నాయని ఈవిడ రాసిన ఉత్తరాలకి ఎవరూ జవాబివ్వలేదు. ఎప్పుడో ఒకసారి వాళ్ళ టీవీలో వేస్తే చెల్లెలు రికార్డు చేసి పంపింది. తర్వాత ఆ చెల్లెలు కూడా పోయింది. ఇంట్లో ఉన్న ఫోటోలు, పేపరు కత్తిరింపులు ఇరాకీలు దండెత్తి వచ్చిన ఏడాదే పోయాయి. కాబట్టి మదాం ఒకప్పుడు హీరోయిన్ అని ఈ భూమ్మీద చెప్పగలిగింది ఆ కేసెట్ ఒక్కటే.

అందులో ఒక సీను ఉంది. వదిలేసి పోయిన మొగుడు మూడేళ్ళకి తిరిగొచ్చి గుమ్మంలో నిలబడతాడు. ఆమె తడిబట్టల తొట్టి ముందు నుంచి లేచి అతన్ని తిడుతుంది. మూడు నాలుగు నిమిషాలు ఆగకుండా తిడుతుంది. మధ్యలో ఒక్కసారి నవ్వొచ్చి ఆపుకుంటుంది, మళ్ళీ అందుకుంటుంది. చివరికి చేతిలో తడి తువ్వాలు అతని కాళ్ళ దగ్గర విసిరికొట్టి లోపలికి పోతుంది. ఒక్క మాట అర్థం కాకపోయినా నాకు ప్రతిసారీ ఏడుపొచ్చేది. మా ఊళ్ళో ఆడవాళ్ళు బోరింగు దగ్గర తిట్టుకోవడం చూస్తూ పెరిగినదాన్ని, తిట్టులో బాధ ఉంటే నాకు తెలుస్తుంది.

నేను చేరిన రెండో ఏడు బాబా కూతురికి సంబంధం కుదిరింది. ఒకరోజు పొద్దున అతను వంటింటి గుమ్మం దగ్గరికి వచ్చి, లోపలికి రాకుండా నిలబడ్డాడు. కసురుకునే మనిషి కాదు. గొంతు తగ్గించి మాట్లాడేవాడు, అదే నాకు ఎక్కువ భయం.

"ఖాలా దగ్గర కొన్ని కేసెట్లున్నాయి. నీకు తెలుసు" అన్నాడు. ఖాలా అంటే పిన్ని, ఆవిడని అలా పిలిచేవాడు.

నేను గ్లాసులు తుడుస్తూనే ఉన్నాను.

"పిల్లవాడి వైపు వాళ్ళు చాలా పద్ధతిగల మనుషులు. మా ఇంట్లో ఒక సినిమా మనిషి ఉందని ఎవరో వాళ్ళ చెవిన వేశారు. వచ్చే నెల వాళ్ళ ఆడవాళ్ళు ఈ ఇంటికి వస్తున్నారు. ఆలోగా ఆ కేసెట్లు నాకు కావాలి. శుక్రవారం సాయంత్రం వస్తాను. ఆమెతో గొడవ పడటం నాకు ఇష్టం లేదు, అందుకే నిన్ను అడుగుతున్నాను."

"మదాం ఇవ్వకపోతే, బాబా?"

"అప్పుడు శనివారం నిన్ను ఎయిర్‌పోర్టులో దింపుతాను. ఖలాస్."

ఊళ్ళో నా ఇద్దరు పిల్లలు హాస్టల్లో చదువుతున్నారంటే ఆ ఇఖామా చలవే. అయినా దాచిపెట్టి చేసే పని నావల్ల కాదు. మధ్యాహ్నం మదాంకి ఉన్నదున్నట్టు చెప్పేశాను. ఆవిడ లేచి, బీరువా తీసి, తొమ్మిదో కేసెట్ నా ఒళ్ళో పెట్టింది.

"ఎనిమిదీ ఇచ్చేయి. వాటిలో ట్రే ఎవరైనా పట్టుకోవచ్చు. ఇది ఒక్కటి దాచు" అంది.

ఆ గొంతు విని నాకు కోపం తన్నుకొచ్చింది. ఎవరి మీదో చెప్పలేను, అందరి మీదా. ఆరుసార్లు ఒలకకుండా ట్రే మోసిన మనిషి ఎనిమిది కేసెట్లు ఎందుకు వదులుకోవాలి? ఒక్కటి కూడా ఇచ్చేది లేదని నేనే మొండికేశాను. నా తెలివి మీద నాకు అప్పట్లో భలే నమ్మకం.

పక్క విల్లా పిల్లలు పెద్దవాళ్ళయ్యాక వదిలేసిన బొమ్మల సినిమాల కేసెట్లు స్టోరు గదిలో ఒక అట్టపెట్టె నిండా ఉన్నాయి. టీ కెటిల్ ఆవిరి పట్టి మదాం కేసెట్ల మీది ఫ్రెంచి కాగితాలు ఊడదీసి, వాటికి అతికించాను. అసలు తొమ్మిదింటికీ తెల్లకాగితం అంటించి బాల్‌పెన్నుతో తెలుగులో రాశాను. అక్క కూతురి పెళ్ళి. పెద్దపాప ఫంక్షన్. మామ కర్మ. గృహప్రవేశం. కువైట్‌లో మన పనివాళ్ళ దగ్గర ఇలాంటి కేసెట్లు ఉండటం మామూలే. ఇంటికి పోలేకపోయిన శుభాలూ అశుభాలూ వీడియో తీసి పంపితే ఇక్కడ చూసి ఏడ్చుకుంటాం.

తొమ్మిదో దాని దగ్గర ఆగాను. బాబా కూతుళ్ళకి మన పెళ్ళిళ్ళంటే మోజు. పెళ్ళి అని రాస్తే, అక్షరాలు చదవలేకపోయినా, ఏమిటని అడిగి వెయ్యమంటారు. కర్మ అన్నా జాలిపడి అడగొచ్చు. ఎవరూ ముట్టుకోవాలని అనుకోనిది ఏమిటా అని ఆలోచించి, దాని మీద 'పాత సీరియల్' అని రాశాను. రాసి, నాకు నేనే శభాష్ అనుకున్నాను.

శుక్రవారం సాయంత్రం బాబా వచ్చాడు. ఫ్రెంచి కాగితాలున్న తొమ్మిది కేసెట్లూ హాల్లో బల్ల మీద పెట్టాను. మదాం తన గదిలో ఉండిపోయింది. అతను ఒక్కొక్కటీ లెక్కపెట్టి సంచిలో వేశాడు. చివరిది చేతిలోనే ఉంచుకుని టీవీ దగ్గరికి నడిచాడు. వీసీఆర్‌లోకి తోశాడు. లోపల చక్రాలు తిరిగిన చప్పుడు నాకు వినపడింది. మీట నొక్కితే కుందేలు బొమ్మ గంతులేస్తుంది, నా బతుకు బజారున పడుతుంది. నాకు తెలిసిన దేవుళ్ళందరినీ తలుచుకున్నాను. అతని వేలు మీట మీదే ఉంది. తెర వైపు చూడటం లేదు, నా వైపూ చూడటం లేదు. చెవులు ఎర్రబడ్డాయి.

"ఐబ్" అన్నాడు. సిగ్గుచేటు అని. కేసెట్ బయటికి లాగి సంచిలో పడేసి, వెళ్ళిపోయాడు. కాసేపటికి వెనక పెరట్లో ప్లాస్టిక్ కాలిన కంపు వచ్చింది. మదాం తన గదిలోంచే దగ్గింది.

అసలువాటిని ఆ ఇంట్లో ఉంచడానికి నాకు ధైర్యం చాల్లేదు. సబా అల్ సలేంలో మా మండలం అక్క ఒకామె ఒక కువైటీ ఇంట్లో వంట చేసేది. ఆ ఇంటి యజమానురాలు ఆమెకి పాత టీవీ, వీసీఆర్ ఇచ్చింది. మేడ మీద ఆమె గదికి శుక్రవారాల్లో మనవాళ్ళంతా చేరేవాళ్ళు. నిశ్చితార్థం అయ్యేదాకా అక్కడ ఉంచుదామనుకున్నాను. సబ్బులు, దుప్పట్లు, మధ్యలో తొమ్మిది కేసెట్లు పెట్టి, ఇంటికి పంపే అట్టపెట్టెలాగా తాడు బిగించాను. మా ఇంటి డ్రైవరు కోనసీమ మనిషి, ఆయనకి నిజం చెప్పలేదు.

"చెల్లెమ్మా, పెట్టె ఇలా ఇచ్చెయ్యండి. ఆయ్, ఇంత బరువేంటండీ, ఇటికలేమైనా పంపుతున్నారా?" అంటూ డిక్కీ తీస్తుండగా బాబా గేటులో ఎదురయ్యాడు. పనిమనిషి పెట్టె గడప దాటుతుంటే తెరిచి చూడటం అక్కడ అన్ని ఇళ్ళలోనూ ఉన్న పద్ధతే. తాడు విప్పమన్నాడు. విప్పాను. దుప్పటి ఎత్తి, పైనున్న కేసెట్ తీశాడు. అది తొమ్మిదోది.

"ఇదేమిటి?"

"మా సీరియల్ బాబా. పాతది."

"ఏడుపులా?"

"అవును బాబా. అంతా ఏడుపే."

నవ్వి, లోపల పడేశాడు. కారు మలుపు తిరిగేదాకా గేటు ఊచ పట్టుకుని నిలబడ్డాను. చేతికి చెమటతో తుప్పు అంటుకుంది.

ఆడవాళ్ళు వచ్చిన రోజు మదాం నల్లబట్టలు కట్టుకుని, తల కప్పుకుని, హాల్లో ఒక మూల కూర్చుంది. నేను ఎదురుగోడని చూస్తూ ట్రేలో ఖర్జూరాలు, కాఫీ తిప్పాను. పిల్లవాడి నాయనమ్మ మదాంని తినేసేలా చూసి, పెళ్ళికి ముందు ఏం చేసేదానివని అడిగింది. "టోపీల కొట్లో ఉండేదాన్ని" అంది మదాం. అబద్ధం కాదు. కానీ ఆ మాట చెప్పేటప్పుడు ఆవిడ ఒళ్ళో వేళ్ళు వేళ్ళని నలిపేసుకోవడం నేను చూశాను. ముసలామెకి తృప్తి కలిగింది, ఇంకో ఖర్జూరం తీసుకుంది. సంబంధం ఖాయమైంది.

నాకు నెలకి ఒక్క శుక్రవారమే సెలవు. ఆ వచ్చే సెలవుకి ఆత్రంగా సబా అల్ సలేం పోయాను. అక్క గుమ్మంలోనే నా చెయ్యి పట్టుకుంది.

"రా పాపా, నీ కోసరమే సూస్తాండా. రెండు వారాల నుంచి నువ్వు సూడని సీరియల్ అంతా డిష్‌లో వచ్చాంటే పట్టి పెట్టినా. ఆ సిన్నకోడలు ఇల్లు వదిలిపెట్టి పాయ గదా, ఆ ముక్క గూడా ఉంది."

"దేంట్లో పట్టినావక్కా?" అన్నాను.

"నీ దాంట్లోనే. పాత సీరియల్ అని రాసింటివి గదా."

అక్కడ మా గదుల్లో పద్ధతి అది. పెళ్ళి కేసెట్లు, కర్మల కేసెట్లు దేవుడి పటాల పక్కన ఉంటాయి, ఎవరూ చెయ్యి పెట్టరు. సీరియల్ కేసెట్లు మాత్రం చేతులు మారుతూనే ఉంటాయి. ఒకటి చూడటం అయిపోతే దాని మీదే వచ్చే వారానిది పడుతుంది. రికార్డు కాకుండా కేసెట్ వెనక చిన్న ముక్క విరిచేసి ఉంటే, ఆ బెజ్జానికి ప్లాస్టర్ అతికిస్తాం. ఇది నాకు తెలియక కాదు. నేను కూడా ఎన్నోసార్లు అతికించాను. ఎవరూ ముట్టుకోకూడదని వెతికి వెతికి, అందరూ తుడిపేసే పేరే రాశాను. నా తెలివి అలా తెల్లారింది.

కేసెట్ తీసి వెనక్కి తిప్పి చూశాను. ప్లాస్టర్ ముక్క నీటుగా అంటించి ఉంది.

"నిన్నెవురు ముట్టుకోమన్నారక్కా! ఎవురి సొమ్మనుకున్నావు!" అని అరిచాను. అక్క బిత్తరపోయింది. ఆమె నాకంటే పెద్దది, నేను కువైట్‌లో దిగిన రోజు అన్నం పెట్టిన మనిషి.

"నేనేం పాపం జేసినానమ్మే? నీ మేలుకే గదా పట్టింది. ముట్టుకోగూడదంటే పెండ్లి అని రాసిండొచ్చు గదా" అంది, కళ్ళల్లో నీళ్ళతో.

ఇద్దరం కూర్చుని కేసెట్ ముందుకి తిప్పుకుంటూ పోయాం. గంటకి పైగా సీరియల్. అది తెగిపోయాక తెర గిలగిల్లాడి, నలుపు తెలుపుల్లో సముద్రం వచ్చింది. సినిమా చివరి పావుగంట మిగిలింది. అందులో మొగుడు ఇసకలో నడుస్తూనే ఉంటాడు. మదాం ఒక్కసారే కనపడుతుంది, రైలు కిటికీలో, అటు తిరిగి. తిట్టే సీను లేదు. అక్క నా వీపు నిమురుతోంది. నాకు ఏడుపు కూడా రాలేదు.

ఆ కేసెట్ ఒక్కటే చీర మడతలో పెట్టుకుని మిష్రిఫ్ తెచ్చాను. మూడు రోజులు చెప్పలేదు. మదాం రోజూ అడిగేది, తెచ్చావా అని. అక్క ఊళ్ళో లేదని ఒకసారి, గది తాళం వేసుందని ఒకసారి బొంకాను. ఇఖామా పోతుందన్న భయం కాదు ఇప్పుడు. ఆవిడ మొహం ఎలా మారుతుందో చూడలేనన్న భయం. అద్దం పగలగొట్టాను, గిన్నె మాడ్చాను. నాలుగో రోజు మధ్యాహ్నం మోకాళ్ళకి నూనె రాస్తూ రాస్తూ ఉండగానే చెప్పేశాను. కాగితం మీద ఏం రాశానో, ఎందుకు రాశానో, మా గదుల్లో పద్ధతి ఏమిటో, ప్లాస్టర్ సంగతి, అన్నీ. ఆవిడ కాలు వెనక్కి తీసుకుంది.

"పెట్టు" అంది.

పెట్టాను. సీరియల్లో అత్తగారు వంటింట్లో కూలబడి ఏడుస్తోంది. నేను ముందుకి తిప్పబోతే మదాం చెయ్యి అడ్డం పెట్టింది. ఆ గంట సీరియల్ అంతా రెప్పవెయ్యకుండా చూసింది. ఒక్క ముక్క అర్థం కాదు, అయినా చూసింది. మధ్యలో ఒకసారి చిన్నకోడలు పాత్రని చూపించి, "ఈ పిల్లకి పని వచ్చు" అంది. నేను కాళ్ళ దగ్గరే తల వంచుకుని ఉన్నాను. కొట్టినా బాగుండేది.

సముద్రం వచ్చింది. రైలు కిటికీ వచ్చింది, పోయింది. చీమల అక్షరాలు వచ్చాయి. ఈసారి ఆవిడ లేచి తెర మీద వేలు పెట్టలేదు. కేసెట్ ఆగిపోయి, వెనక్కి చుట్టుకోవడం మొదలుపెట్టాక, కుర్చీ చేతులు పట్టుకుని నిలబడింది. బాత్‌రూములోకి వెళ్ళి తువ్వాలు తడిపి తెచ్చింది. నేల మీద నీళ్ళ ధార.

"గడియ తీసి అక్కడ నిలబడు. గుమ్మంలో. నువ్వు మొగుడివి. మాట్లాడకు, కదలకు" అంది.

నిలబడ్డాను. ఆవిడ కాసేపు కళ్ళు మూసుకుంది. తెరిచాక నాకు తెలిసిన మనిషి అక్కడ లేదు. నడుం నిటారైంది. మొదటి మాట లోగొంతులో మొదలై, రెండో మాటకే పైకి లేచింది. ఆ ఫ్రెంచి నాకు వరస అంతా తెలుసు, ఎక్కడ గొంతు చీలుతుందో, ఎక్కడ నవ్వొచ్చి ఆపుకుంటుందో. కానీ తెర మీద ముప్ఫై ఏళ్ళ పిల్ల తిట్టింది. ఇప్పుడు ఎదురుగా ఉన్నది ఒక జీవితకాలం ఓపిక పట్టిన మనిషి. ఆ తిట్లు నాకే అనిపించాయి, నాకే తగునని కూడా అనిపించింది. నా కళ్ళ వెంట ధారలు కారుతున్నాయి.

అప్పుడు నా వెనక ఎవరో ఊపిరి పీల్చిన చప్పుడైంది. బాబా. సంబంధం కుదిరాక ఆవిడతో టీ తాగడానికి నాలుగింటికి రావడం మొదలుపెట్టాడు. ఆ వేళప్పుడే వచ్చాడు. చేతిలో మిఠాయి డబ్బా ఉంది. తెల్లగా పాలిపోయి ఉన్నాడు.

"ఖాలా" అన్నాడు.

ఆవిడ ఆపలేదు. నా భుజం పక్క నుంచి అతన్నే చూస్తూ కొనసాగించింది.

"ఖాలా, ఆమెని తిట్టకు. ఆమె తప్పు లేదు. నేనే బెదిరించి ఇప్పించుకున్నాను. నేనే కాల్చేశాను" అన్నాడు. "ఒక్కటి కూడా చూడకుండా కాల్చేశాను. నాన్న ఉంటే నన్ను క్షమించేవాడు కాదు."

మదాం చివరి మాట అంది. తడి తువ్వాలు విసిరికొట్టింది. అది అతని చెప్పుల మీద టపీమని పడింది. అతను తల దించుకుని అలాగే నిలబడ్డాడు, తుళ్ళిన నీళ్ళు తుడుచుకోలేదు కూడా. తర్వాత ముందుకి వచ్చి, వంగి, ఆవిడ నుదుటి మీద ముద్దు పెట్టాడు, అక్కడ పెద్దవాళ్ళని క్షమాపణ అడిగే తీరుగా.

"నువ్వు సినిమాల్లో ఎలా చేసేదానివో నాకు తెలియదు ఖాలా. ఇక తెలిసే దారి కూడా లేదు" అన్నాడు.

ఆవిడ అతని చెంప మీద తట్టింది. అతను మిఠాయి డబ్బా బల్ల మీద పెట్టి, కళ్ళు తుడుచుకుంటూ వెళ్ళిపోయాడు. అతను కాల్చింది కుందేలు బొమ్మలని మదాం గానీ నేను గానీ ఎప్పటికీ చెప్పలేదు.

తలుపు మూసుకున్నాక ఆవిడ కుర్చీలో కూలబడింది. నేను వెళ్ళి కాళ్ళ మీద పడ్డాను. క్షమించమని అరబ్బీలో మొదలుపెట్టి, తెలుగులోకి జారిపోయి, ఏం మాట్లాడానో నాకే తెలియదు. ఆవిడ నా తల మీద చెయ్యి వేసింది.

"నువ్వు కదిలావు" అంది.

"మదాం?"

"అతను వచ్చినప్పుడు తల తిప్పావు. మొగుడు తల తిప్పడు. సీను పాడైంది." తువ్వాలు తెమ్మని చెయ్యి చాపింది. "వెళ్ళి నిలబడు."

మొహం కొంగుతో తుడుచుకుని, తువ్వాలు మళ్ళీ తడిపి ఆవిడ చేతికి ఇచ్చి, వెళ్ళి గుమ్మంలో నిలబడ్డాను.